ఆ మందు పేరు మార్సిలిడ్

గుంటూరు,
డిసెంబరు 4

అత్తయ్యా,

ఫోన్ ఎత్తగానే "బానే ఉన్నాలేవే" అని పెట్టేస్తున్నావు. ఉత్తరాన్ని అలా సగంలో పెట్టేయలేవు, అందుకని రాస్తున్నాను. నేను హాస్టల్లో ఉన్న రోజుల్లో తిట్టాల్సినవన్నీ కార్డు మీద రాసి పంపేదానివి. ఇప్పుడు నా వంతు అనుకో.

మావయ్య అంతా చెప్పాడు. ఒంగోలు డాక్టరుగారు రాసిన మాత్రలు వారం పదిరోజులు మింగి మానేశావట. అడిగితే, "తోటకి మందు కొడితే మూడోనాటికి పురుగు రాలాలి. రాలకపోతే అది మందు కాదు" అన్నావట. పంట బాగానే ఉంది, ఇంట్లో గొడవల్లేవు, ఒంట్లో రోగం లేదు. అయినా పొద్దున్నే మంచం దిగబుద్ధి కావడం లేదు నీకు. కారణం లేని ఏడుపేమిటని నీకే సిగ్గుగా ఉందట. పురుగుమందు డబ్బాలన్నీ మోటారు షెడ్డులో పడేసి, తాళంచెవి మొలతాడుకి కట్టుకు తిరుగుతున్నానని చెబుతూ మావయ్య ఏడ్చాడు. రోశయ్య మావయ్య ఏడవడం నేనెప్పుడూ వినలేదు. నాకు భయమేసింది అత్తయ్యా. నువ్వు మాకు దక్కకుండా పోతావేమోనని భయమేసింది.

నీతులు రాస్తే కాగితం పొయ్యిలో పెడతావని తెలుసు. కాబట్టి కాలేజీలో ఫార్మసీ పిల్లలకి నేను చెప్పే ఒక సంగతి రాస్తాను. అది చెప్పిన ప్రతిసారీ నాకే ఒళ్లు ఝల్లుమంటుంది.

రెండో ప్రపంచయుద్ధంలో జర్మనీవాళ్లు రాకెట్ ఇంధనంలో ఒక రసాయనం కలిపేవాళ్లు. యుద్ధం అయిపోయింది. వాడకుండా మిగిలిపోయిన ఆ సరుకు మందుల కంపెనీలకు చవగ్గా దొరికిందంటారు. దాన్ని అటు కలిపి ఇటు కలిపి కొత్త మందులు చేసి చూస్తుంటే, క్షయ క్రిమిని చంపేవి రెండు తేలాయి. అవి న్యూయార్క్ పక్కన సముద్రం ఒడ్డునున్న క్షయ ఆసుపత్రికి వెళ్లాయి. అక్కడి రోగులు మంచాలకి అతుక్కుపోయి ఉన్నారు. ఊపిరితిత్తులకి చిల్లులు. అన్నం సయించదు. ఎవరు ఎప్పుడు పోతారో తెలీదు.

మందు మొదలుపెట్టాక వాళ్లు లేచారు. అడిగి అడిగి తిన్నారు. ఇళ్లకు పోతామని గొడవ చేశారు. వార్డులో చప్పట్లు కొడుతూ డాన్సు ఆడారు. పేపర్లో ఫొటో కూడా పడింది. విచిత్రం ఏమిటంటే, ఆ రెండు మందుల్లో ఒకటి పడ్డవాళ్లకి ఊపిరితిత్తులు ఇంకా బాగుపడకముందే మొహాలు వెలిగాయి. జబ్బు తగ్గినందుకు వచ్చిన సంతోషం కాదది. డాక్టర్లు నోళ్లు తెరిచారు. దిగులుని కదిలించే గుణం ఒక మాత్రలో ఉండొచ్చని అలా, ఎవరూ వెతక్కుండానే, తెలిసొచ్చింది.

దగ్గు కోసం చేసిన మందు అత్తయ్యా. యుద్ధంలో మిగిలిపోయిన చెత్తలోంచి.

జవాబు రాయి. రెండు ముక్కలైనా సరే.

నీ మేనకోడలు
శ్రీదివ్య


నల్లగుంటపాలెం,
డిసెంబరు 17

దివ్యా,

జాబు అందింది. చదివాను.

మీ మావయ్యకి నోరెక్కువ. పత్తి తీతలు నడుస్తున్నాయి. నేను చేలోకి పోవడం లేదు.

రాయడానికి ఓపిక లేదు. ఒకటి మాత్రం అడుగుతాను. వార్డులో ఆడారన్నావే, ఆ మందు పేరేమిటి. అదెక్కడ దొరుకుతుంది.

అత్త


గుంటూరు,
డిసెంబరు 26

అత్తయ్యా,

నీ కార్డు వచ్చిన రోజు కాలేజీకి ఆలస్యంగా వెళ్లాను. నాలుగు ముక్కలే అయినా నీ చేతిరాత చూసి ఎంత సంతోషం వేసిందో.

దాని పేరు ఐప్రోనియజిడ్. నోరు తిరగడం లేదు కదా, నా పిల్లలకీ తిరగదు. మందులకి కూడా మనలాగే పేర్లు ఒకటికి మించి ఉంటాయి. మనింట్లో బిడ్డకి నక్షత్రం చూసి ఒక పేరు, బళ్లో ఒక పేరు, పిలుచుకోడానికి ఇంకొకటి ఉండవూ? మందుకీ అంతే. దేనితో తయారైందో చెప్పే పేరు ఒకటి, బారెడు పొడుగుంటుంది. దాన్ని కత్తిరించి డాక్టర్లు పిలుచుకునే పేరు రెండోది. ఐప్రోనియజిడ్ అనేది అదే. దాని తోబుట్టువు ఐసోనియజిడ్. ఆ తోబుట్టువు ఇంకా బతికే ఉంది. మీ ఊరి ఆశా కార్యకర్త క్షయ ఉన్నవాళ్లకి ఇచ్చే మాత్రల్లో ఈనాటికీ ఉంది.

ఇక కంపెనీవాళ్లు డబ్బా మీద వేసుకున్న ముద్దు పేరు మార్సిలిడ్. ఆ పేరు ఎందుకు పెట్టారో నేను వెతికినంతలో దొరకలేదు. నాకు మాత్రం ఎవరో మేనత్త ముచ్చటపడి పెట్టిన పేరులా ఉంటుంది.

అసలు తమాషా ఇంకోటి. అది వచ్చేనాటికి అలాంటి మందుల జాతికి స్థిరపడ్డ పేరే లేదు. ఒకాయన "మనసుకి ఊపునిచ్చేది" అని పిలిచాడు. ఇంకొకరు ఇంకేదో అన్నారు. బిడ్డ ముందు పుట్టేసి, ఇంటిపేరు తర్వాత వెతుక్కున్నారన్నమాట. క్షయ లేకపోయినా దిగులుతో మూలబడ్డవాళ్లకి ఇచ్చి చూశారు. ఏళ్ల తరబడి మాట్లాడనివాళ్లు మాట్లాడారు. ఏడాది తిరిగేసరికి లక్షలమంది వేసుకున్నారు.

ఇప్పుడది దొరకదు అత్తయ్యా. పాతబడిపోయింది. అంతకంటే మంచివి వచ్చాయి, ఆ మంచి వాటిలోదే డాక్టరుగారు నీకు రాసింది. అది మళ్లీ మొదలుపెట్టే మాట మాట్లాడదాం.

చలి ఎక్కువగా ఉంది. తలకి గుడ్డ కట్టుకో.

దివ్య


నల్లగుంటపాలెం,
జనవరి 22

ఏమే దివ్యా,

పాతబడిపోయిందా? ఎవరికి చెబుతున్నావే? కాపురానికి వచ్చిన నాటినుంచీ మిరప వేస్తున్నదాన్ని నేను. కొట్లోంచి ఏ మందైనా మాయమైందంటే పాతబడి మాయం కాదు. ఎవరికో ఏదో జరిగితే నిషేధిస్తారు. మరుసటేడు అదే సరుకు కొత్త డబ్బాలో, కొత్త పేరుతో, మెరిసే బొమ్మతో దిగుతుంది. కొట్టువాడు "ఇది వేరే అండి, కొత్త టెక్నాలజీ" అంటాడు. వాసన చూస్తే అదే. మీ మావయ్య మోసపోతాడు, నేను పోను. డబ్బా వెనక్కి తిప్పి టెక్నికల్ ఏమిటో చదవందే మా ఇంట్లోకి మందు రాదు. పేరు వాడిష్టం, లోపలున్న సరుకు టెక్నికల్. ఆ మార్సిలిడ్‌కే పేరు మార్చి నాకు అంటగట్టలేదని ఏమిటి నమ్మకం? నువ్వు చూస్తే పాతబడింది అని ఒక్క ముక్కలో దాటేశావు. చిన్నప్పుడు పలక పగలగొట్టి కూడా ఇలాగే దాటేసేదానివి.

ఇంతకీ నాకెందుకు ఈ ఆరా అంటే చెబుతాను. ఇది మీ మావయ్యకి కూడా తెలీదు.

మా అమ్మ పేరు అంకమ్మ. మీ నాయనమ్మ. ఆవిడ పేరైనా నీకు తెలుసో తెలీదో. నాకు ఐదేళ్లు ఉంటాయేమో అప్పుడు, మీ నాన్న ఇంకా పాలు తాగుతున్నాడు. అమ్మకి దగ్గులో రక్తం పడితే కొండకింద శానిటోరియంలో చేర్చారు. మొదటిసారి చూడ్డానికి పోతే అమ్మ గోడవైపు తిరిగి పడుకుని ఉంది. నావంక చూడను కూడా లేదు. అక్కడ తెల్లదొరసాని డాక్టరు ఒకావిడ ఉండేది. కొత్త మందేదో వచ్చింది, వేస్తున్నాం అందట.

కొన్నాళ్లకి నన్ను తీసుకుని మా నాయనమ్మ మళ్లీ వెళ్లింది. వార్డు వరండాలో అమ్మ ఆడుతూ ఉంది దివ్యా. నిలువునా నిలబడి, ఇంకో ఇద్దరు ఆడవాళ్లతో చేతులు కలిపి, పాట పాడుతూ తిరుగుతోంది. నన్ను చూసి పరిగెత్తుకొచ్చి భుజానికెత్తుకుంది. గిరగిరా తిప్పింది. ఆకలేస్తోంది అత్తా, ఏం తెచ్చావు అని మా నాయనమ్మ చేతిలో గిన్నె లాక్కుని అక్కడే నేలమీద కూర్చుని తినేసింది. తింటూ నవ్వింది.

మా నాయనమ్మ బిక్కచచ్చిపోయింది. కోడలు అత్త ముందు నవ్వడమే అప్పట్లో తప్పు. చావుబతుకుల్లో ఉన్నది ఆడి పాడితే గాలి సోకింది కాబోలు, పిచ్చెక్కింది కాబోలు అనుకుంది. మర్నాడు మగవాళ్లు బండి కట్టుకొచ్చారు. దొరసాని బతిమాలింది. మందు మధ్యలో మాన్పించొద్దు, మనిషిని తీసుకుపోవద్దు అంది. వినలేదు. ఇంటికి తెచ్చి వసారా గుంజకి కట్టేసి వేపమండలతో కొట్టించారు. పసర్లు తాగించారు. నాలుగు రోజులు పోయాక అమ్మ నవ్వడం మానేసింది. తర్వాత కళ్లు పచ్చబడ్డాయి, ఒళ్లంతా పచ్చబడింది. వానలు పడకముందే పోయింది.

ఊళ్లో పిచ్చిదై పోయిందన్నారు. మన ఇళ్లల్లో కొడుక్కి మొదటి ఆడపిల్ల పుడితే నాయనమ్మ పేరు పెట్టుకుంటాం. నీకు పెట్టలేదు. పేరుతో పాటు పిచ్చి కూడా వస్తుందని భయం. ఆ పేరు ఇంట్లో ఎవరూ ఎత్తేవాళ్లు కాదు. నాకూ నోరు రాలేదు.

మొన్న భాద్రపదంలో ఒకరోజు మంచం దిగలేకపోయాను చూడు, ఆరోజే అనుకున్నాను, అమ్మది నాకు వచ్చిందని. ఆ మాత్రలు మింగితే పిచ్చిదాన్నని ఒప్పుకున్నట్టే కదా. అందుకు మానేశాను. పురుగు రాలలేదన్నది మీ మావయ్య నోరు మూయించడానికి అన్న మాట. మొలతాడుకి ఉన్న ఆ తాళంచెవి వంక నేను చూడలేదని చెప్పను. చూశాను.

నీ మొదటి జాబులో వార్డులో డాన్సు అని ఉన్నచోట ఆగిపోయాను. ఆ కాగితం మళ్లీ మళ్లీ చదివాను. చెప్పు. ఆ మందు ఎందుకు ఆపేశారు? ఉన్నది ఉన్నట్టు రాయి. లేకపోతే రాయకు.

రాఘవమ్మ


గుంటూరు,
జనవరి 27

అత్తయ్యా,

నీ ఉత్తరం స్టాఫ్‌రూములో విప్పాను. చివరిదాకా చదివి, తర్వాత క్లాసుకి వెళ్లలేకపోయాను.

ఉన్నది ఉన్నట్టు రాస్తున్నాను. పాతబడి కాదు. కామెర్ల వల్ల ఆపేశారు. మార్సిలిడ్ వేసుకున్నవాళ్లలో కొందరికి కాలేయం చెడిపోయి కళ్లు పచ్చబడ్డాయి. కొందరు చనిపోయారు. నీకు చెబితే ఇక ఏ మాత్రా ముట్టుకోవని దాచాను. అప్పటికి మా నాయనమ్మ పచ్చబడి పోయిందని నాకు తెలీదు. నాన్నని అడిగినప్పుడల్లా "చంటివాణ్ణి, నాకేం గుర్తు" అనేవాడు. ఏళ్ల తరబడి నేను పాఠంలో చెబుతున్న ఆ వార్డులో, ఆ నవ్వే రోగుల పక్కన, మా నాయనమ్మలాంటి మనిషి నిలబడి ఉందని ఎలా అనుకుంటాను? ఎక్కడి రాకెట్లు, ఎక్కడి న్యూయార్కు, ఎక్కడి మన అంకమ్మ. అందరినీ ఒకే మందు తాకిందేమో అనుకుంటే నాకు దండం పెట్టాలనిపిస్తోంది, ఎవరికి పెట్టాలో తెలీడం లేదు.

అయినా తెలిసిందీ తెలియనిదీ విడదీసి చెప్పాలి. మన కొండకింద ఆసుపత్రికి మార్సిలిడ్ వచ్చిందో లేదో నాకు తెలీదు. రాకపోయి ఉండొచ్చు. దాని తోబుట్టువు ఐసోనియజిడ్ వచ్చి ఉండొచ్చు. దానితోనూ కొందరికి హుషారు వచ్చేది, దానితోనూ కొందరికి కామెర్లు వస్తాయి. పసర్లు కూడా కాలేయాన్ని దెబ్బతీసి ఉండొచ్చు. మందే చంపిందో, మందు మాన్పించడం చంపిందో నేను చెప్పలేను. ఇంత చదివి తెలీదని రాయడం కష్టంగా ఉంది, కానీ తెలీదు.

ఒక్కటి మాత్రం గట్టిగా చెబుతాను. నువ్వు చూసింది గాలి కాదు. చచ్చిపోతానని గోడవైపు తిరిగిన మనిషికి ఆకలేసింది. కూతుర్ని ఎత్తుకోబుద్ధయింది. ఎత్తుకుంది. దాన్ని పిచ్చి అని ఏ పుస్తకంలోనూ రాయలేదు. నీకు ఆవిణ్ణుంచి పిచ్చి రాలేదు అత్తయ్యా. నీకు వచ్చింది దిగులు జబ్బు. అది రావడానికి కారణం ఉండి తీరాలని లేదు, బీపీకి ఏ కారణం అడుగుతున్నాం? అందుకు సిగ్గుపడే పని లేదు.

ఇక పేరు మార్చి అంటగట్టారేమోనన్నావు. అది అడగాల్సిన మాటే. మాత్రల పట్టీ పారేయలేదుగా? డబ్బాని తిప్పినట్టే దాన్నీ వెనక్కి తిప్పు. పెద్దక్షరాల్లో ఉన్నది కంపెనీ పెట్టిన పేరు. దాని కింద చిన్నక్షరాల్లో ఉంటుంది టెక్నికల్. ఎస్సిటాలోప్రామ్ అని ఉండాలి. చివర నియజిడ్ లేదు చూడు. వాటికీ దీనికీ చుట్టరికం లేదు. మార్సిలిడ్ బ్రహ్మాండంగా అమ్ముడుపోయే రోజుల్లోనే, పచ్చబడ్డ కళ్లని పట్టించుకుని రాసిపెట్టినవాళ్లున్నారు. అందుకే ఆగింది. వాళ్ల పుణ్యాన ఈనాడు కొత్త మందేది వచ్చినా ముందు కాలేయం సంగతి చూస్తారు.

ఇది పురుగు మీద కొట్టే మందు కాదు. మొక్క మొదట్లో వేసిన ఎరువులాంటిది. వేరుకి అందాలి, వారాలు పడుతుంది. అయితే నీ అంతట నువ్వు మళ్లీ మొదలుపెట్టకు. ఆదివారం వస్తున్నాను. సోమవారం ఒంగోలు వెళ్దాం. నాకు రాసిందంతా డాక్టరుగారికి చెప్పు. కాలేయానికి రక్తపరీక్ష చేయించుకుంటానని అడుగు, చేయిస్తారు. తాళంచెవి వంక చూశానన్న మాట కూడా చెప్పాలి. నీకు నోరు రాకపోతే నేను చెబుతాను. ఆదివారం దాకా ఆ చూపు మళ్లీ అటు పోతే మావయ్యని లేపు, ఎంత పొద్దుపోయినా సరే.

ఆవిడ పేరు నాకు ఇప్పుడు తెలిసింది. క్లాసు గది ఖాళీ అయ్యాక ఒక్కదాన్నే కూర్చుని పైకి అనుకున్నాను. అంకమ్మ.

దివ్య


నల్లగుంటపాలెం,
మార్చి 24

అంకమ్మ మనవరాలికి,

నువ్వు వచ్చి వెళ్లాక మొదటి వారం ఏమీ లేదు. కడుపులో తిప్పింది. రెండో వారం నిన్ను బాగా తిట్టుకున్నాను. మీ మావయ్య పొద్దున్నే మంచినీళ్ల గ్లాసు, మాత్ర పట్టుకుని గుడి పూజారిలా నిలబడేవాడు. అతగాడి మొహం చూసి మింగేదాన్ని. రక్తపరీక్ష బాగుందని డాక్టరు ఫోన్ చేసి చెప్పాడు. పట్టీ ప్రతిసారీ వెనక్కి తిప్పి చూస్తున్నాను, మందుల కొట్టు కుర్రాడు నన్ను చూస్తే భయపడుతున్నాడు.

తర్వాత ఎప్పుడు మారిందో చెప్పమంటే చెప్పలేను. ఒకరోజు తలంటుకున్నాను. ఇంకోరోజు కల్లం దాకా నడిచాను. మొత్తం తగ్గిందని అనను. కొన్ని రోజులు మంచం ఇంకా లాగుతూనే ఉంది. కానీ ఆ తాళంచెవి ఇప్పుడు నాకు తాళంచెవిలాగే కనిపిస్తోంది. మీ మావయ్యని మాత్రం ఇంకొన్నాళ్లు ఉంచుకోమన్నాను.

కళ్లు మూసుకుంటే నాకు అమ్మది ఉన్నది ఆ ఒక్క రోజే. మిగతా అమ్మంతా గోడవైపు తిరిగిన వీపే. అంతటి రోజుని ఇన్నేళ్లు దొంగసొత్తులా దాచుకున్నాను. తలుచుకున్నప్పుడల్లా సిగ్గుపడ్డాను. అది పిచ్చి కాదని నువ్వు రాసిన తర్వాత ఆ రోజుని మళ్లీ తీసి చూసుకుంటే, అమ్మ చేతులు ఎంత సన్నగా ఉండేవో గుర్తొచ్చింది. ఎముకలే. ఆ చేతులతో నన్నెలా ఎత్తింది దివ్యా? అంత బలం ఎక్కణ్ణుంచి వచ్చింది? ఆ మందు ఆవిణ్ణి చంపిందో ఏమో. నువ్వూ చెప్పలేవు, నేనూ చెప్పలేను. కానీ ఆ మందే గనక లేకపోతే నాకు అమ్మే లేదు. ఏ దేశంలో ఎవరు చేశారో, ఎవరి మీద వేయడానికి చేశారో, అది వచ్చి మా అమ్మని ఒక్క పూట లేపి నాకిచ్చి పోయింది.

మొన్న కల్లంలో తాలుకాయలు ఏరుతున్నారు. వెంకటేశ్వరమ్మ మంచి కాయల్లో తాలు కలిపేసింది. నాకు ఎక్కడ లేని కోపం వచ్చింది. "ఏమే, కళ్లు ఇంట్లో పెట్టి వచ్చావా" అని అరిచాను. కల్లమంతా చేతులు ఆపి నావంక చూసింది. తిట్లు తిన్న వెంకటేశ్వరమ్మ కొంగు నోటికి అడ్డం పెట్టుకుని ఏడుపు మొదలుపెట్టింది. ఎందుకేడుస్తున్నావే అంటే, "నువ్వు తిట్టి ఎన్నాళ్లయిందక్కా" అంది. అందరూ నవ్వారు. నేనూ నవ్వాను. నా నవ్వు నా చెవినబడితే, అచ్చం అమ్మలాగే ఉంది. నాకు తెలీదు దివ్యా, నేను అమ్మలా నవ్వుతానని.

ఎందుకక్కా అలా నిలబడిపోయావు అన్నారు. అంకమ్మ కూతుర్ని కాబట్టి అన్నాను. ఎవరా అంకమ్మ అన్నారు. ఇది నా మెట్టినూరు, ఆ పేరు ఇక్కడ ఎవరూ ఎరగరు. మిరపకాయల రాశి పక్కన చతికిలబడి మొదట్నుంచీ చెప్పాను. రాకెట్ల దగ్గర్నుంచి. దొరసాని బతిమాలడం, గుంజకి కట్టేయడం, అన్నీ. వరండాలో నన్ను తిప్పడం దగ్గరికి వచ్చేసరికి చెబితే వాళ్లకి తెలియదనిపించింది. లేచి గిరగిరా తిరిగి చూపించాను.

మళ్లీ చూపించమన్నారు.

రాఘవమ్మ